తన మీద తీసుకునే కామెడీలోకి అమ్మ రావచ్చా?

మూలాపేట మామ: మా నెల్లూరు కుర్రాడొకడు తన మీదే బుల్లి వీడియోలు తీసుకుంటాడు. ఫోను బియ్యం డబ్బాకి ఆనిస్తాడు. ఉత్తినే నిలబడితే కొడుకు, నెత్తిన తువ్వాలు కప్పుకుంటే అమ్మ. ఉద్యోగం లేదు, పన్నెండింటికి లేస్తాడు, నిన్నటి చేపల పులుసు కోసం గిన్నెలు వెతుకుతాడు. "అబయా, ఏంది ఆ చప్పుడు?" అంటుంది తువ్వాలు. నేను పడీపడీ నవ్వాను. మా ఆవిడేమో, కన్నతల్లిని నవ్వులపాలు చేశాడంటోంది. మీరేమంటారు?

ఒంగోలు గిత్త: నవ్వులపాలయ్యేది వాడే కదా! మీ జిల్లావాడే, పాత సినిమాల కమెడియన్ రమణారెడ్డి గారు తన బక్క ఒంటితోనే జనాన్ని నవ్వించారు. ఇదీ అంతే. పైగా సినిమాల్లో నెల్లూరు యాస పెట్టేది మనల్ని చూసి నవ్వడానికే. వీడు దాన్ని ఇంట్లో మాట్లాడినట్టు మాట్లాడుతున్నాడు, నాకదే నచ్చింది.

కావలి అక్క: ఆ పోలిక కుదరదు తమ్ముడూ. రమణారెడ్డి గారి ఒళ్లు ఆయనది. అమ్మ మాటలు అమ్మవి. నీళ్ల ట్యాంకర్ దగ్గర నేను అరిచిన అరుపుని మా పక్కింటబ్బాయి వీడియోలో దించేశాడు. నా పేరు లేదు, ముఖం లేదు. అయినా వీధంతా పోల్చుకుంది. కూరగాయలాయన "ఆ అరుపు ఒకసారి అరువక్కా" అన్నాడు. అక్కడ నవ్వేశాను. ఇంటికొచ్చాక అన్నం సహించలేదు.

ఒంగోలు గిత్త: అది తప్పే అక్కా. కానీ మామ చెప్పిన వీడియోలో ప్రతిసారీ గెలిచేది అమ్మే.

కావలి అక్క: గెలిపిస్తే సరిపోతుందా? అడిగాడా అని. ఇంకోటి, 2020లో టిక్‌టాక్ ఆపేశాక అందరూ రీల్స్, షార్ట్స్‌లో పడ్డారు. రోజుకొకటి పెట్టకపోతే జనం మర్చిపోతారని టెన్షన్. తన మీద తనకి ఎన్ని జోకులు పుడతాయి? పది, ఇరవై. తర్వాత అమ్మ, ఆ తర్వాత పక్కింటి నేను.

మూలాపేట మామ: ఇదంతా మా ఆవిడకి చదివి వినిపించాను. కావలి అక్క చెప్పిందే న్యాయం అంది. అని, ఆ పులుసు వీడియో ఇంకోసారి పెట్టమంది.