రేవుకొండ రక్ష తీసేయాలా, ఉంచాలా?

మారతహళ్లి మంత్రగాడు:
ఆదివారం మా ఫ్లాట్‌లో, తలా ఒక పాత్ర వేసుకుని పాచికలతో ఆడే మన కథల ఆటకి రానివాళ్ల కోసం సంగతి చెబుతున్నాను. మనం కల్పించుకున్న సీమలో రేవుకొండ కోటకి అష్టదిగ్బంధనం ఉంది కదా. ఎనిమిది దిక్కుల్లో ఎనిమిది రాళ్లు. కత్తి, బాణం, భూతం ఏదీ లోపలికి రాదు. మూడు నెలల కిందట ఆ రూల్ రాసింది నేనే. మొన్న భూతసేన వచ్చి గంటసేపు గోడల చుట్టూ తిరిగి వెళ్లిపోయింది. లోపలున్న ఐదుగురిలో ఇద్దరు ఫోన్ చూసుకుంటున్నారు, ఒకాయన పాచికలు పక్కనపెట్టి బిర్యానీ ఆర్డర్ చేస్తున్నాడు. టెన్షన్ అన్నదే లేదు. రక్ష తీసేద్దామా?

వైట్‌ఫీల్డ్ వేతాళం:
వీల్లేదు. నా జమీందారు పాత్రకున్న బంగారమంతా పోసి ఆ కోటలో ఇల్లు కొన్నాను. ఇప్పుడు రూల్ మారిస్తే తొండి. హిరణ్యకశిపుడికిచ్చిన వరాన్ని ఎవరూ వెనక్కి తీసుకోలేదు. ఇంట్లో కాదు, బయట కాదు, పగలు కాదు, రాత్రి కాదు అంటే సంధ్యవేళ గడప మీద పని కానిచ్చారు. చేతనైతే మీరూ సందు వెతకండి.

జయనగర్ జలకన్య:
సందు ఒక్కసారికే పనికొస్తుంది అన్నా. ఏడు సముద్రాల అవతల చిలకలో మాంత్రికుడి ప్రాణం, చిలక దొరికిందా, కథ కంచికి. తర్వాతి ఆదివారం ఏం ఆడతాం?

మా వీధిలో ఒక కొత్త ఇంటి గుమ్మానికి బూడిద గుమ్మడికాయ కట్టారు. పాల ప్యాకెట్‌కి వెళ్తూ రోజూ చూస్తుంటాను. మొదట్లో పసుపు, కుంకుమ బొట్లతో కళగా ఉండేది. తర్వాత్తర్వాత అడుగు మెత్తబడింది. ఒకరోజు నీళ్లు కారి మెట్టు మీద మరక, దాని చుట్టూ ఈగలు. ఇంటావిడని అడిగితే, "దిష్టంతా లాగేసుకుందమ్మా, అమావాస్యకి మారుస్తాం" అంది. అంటే కుళ్లిందంటే పని చేసిందని లెక్క! రేవుకొండ రాళ్లు మాత్రం ఎందుకు కుళ్లకూడదు? దెబ్బ తగిలినప్పుడల్లా రాయి కాస్త మెత్తబడాలి, వాసన రావాలి. కొత్త రాయి తేవాలంటే ఎవరో కోట దాటి కొండెక్కాలి. ఆ వెళ్లినవాళ్లకి ఏ రక్షా ఉండదు.

ఇంకోటి. ఆయుధపూజ అయ్యాక ఈ ఊళ్లో బండి నడిపారా? రోడ్డు మీద పగిలిన గుమ్మడికాయలు, ఎర్రటి గుజ్జు. ఎవరి లారీకో దిష్టి పోయింది, నా స్కూటీ జారింది. మోకాలి మీదున్నది కుంకుమో రక్తమో ఇంటికొచ్చి కడిగితే గానీ తెలియలేదు. అప్పటినుంచీ రక్ష అన్న మాట వింటే, బయట ఎవరి మీద పడిందా అనే చూస్తాను. వెనక్కి తిరిగిన భూతసేన ఎటు పోయిందో మనలో ఒక్కరైనా అడిగారా? మ్యాప్‌లో ఏటి అవతల పల్లె ఉంది.

వైట్‌ఫీల్డ్ వేతాళం:
గుమ్మడికాయ బాగుంది గానీ, కుళ్లిపోయే రక్షని నమ్ముకుని ఎవరండీ ఇల్లు కొనేది?

హెచ్ఎస్ఆర్ హిడింబి:
చెరువు పూడ్చిన చోట అపార్ట్‌మెంట్ కొన్నవాళ్లని అడగండి 🙂

కోరమంగళ కొరివిదెయ్యం:
రక్షని ముట్టుకోకుండానే టెన్షన్ తేవచ్చు. ద్రోణపర్వంలో, సైంధవుణ్ణి చంపాల్సిన రోజున, ద్రోణుడు దుర్యోధనుడికి మంత్రించిన కవచం కడతాడు. అర్జునుడి బాణాలు తగిలి ఊరికే రాలిపోతుంటే కృష్ణుడే ఆశ్చర్యపోతాడు. కవచాన్ని ఛేదించే అస్త్రం వేయబోతే అశ్వత్థామ దూరం నుంచే దాన్ని కొట్టేస్తాడు. ఇక అర్జునుడు ఆ కవచం జోలికి పోడు. గుర్రాల్ని, సారథిని, విల్లుని పడగొట్టి, కవచం కప్పని అరచేతుల్లో కొడతాడు. కవచం చెక్కుచెదరలేదు, తొడుక్కున్నవాడు మాత్రం విలవిల్లాడాడు.

మన కోటకీ అరచేతులున్నాయి. ఉప్పు బండ్లు, ధాన్యం, ఏటి నీళ్లు. కత్తి రాదని రాశావు మంత్రగాడా, ఆకలి రాదని రాయలేదుగా.

వైట్‌ఫీల్డ్ వేతాళం:
ఇది న్యాయం. రూల్ ప్రకారం నన్ను ఆకలితో చంపండి, కిక్కురుమనను. రాయి కుళ్లడం మాత్రం తొండే.

జయనగర్ జలకన్య:
రాయి కుళ్లదని ఎక్కడ రాసుంది?

మారతహళ్లి మంత్రగాడు:
నోట్‌బుక్ తీసి చూశాను. "ఎనిమిది రాళ్లు నిలిచినంత కాలం" అని ఉంది, నా చేతిరాతే. ఎంతకాలం నిలుస్తాయో రాయలేదు. వేతాళం అన్నా, సారీ.

ఆదివారం నాలుగింటికి మొదలు. ఆగ్నేయపు రాయి దగ్గర కాపలావాడు ముక్కు మూసుకుని నిలబడ్డాడు. ఏటి అవతల పల్లె నుంచి ఒక పిల్ల పరిగెత్తుకొచ్చి కోట తలుపు కొడుతోంది. చేతిలో కొడవలి ఉంది.

వైట్‌ఫీల్డ్ వేతాళం:
కొడవలి అంటే కత్తి కిందే లెక్క. బయట పడేసి రమ్మనండి.

మారతహళ్లి మంత్రగాడు:
పడేయదట.