బోటు నుంచి పడ్డాక ప్రొపెల్లర్ తగిలితే ఏ కోడ్? దానికి ఎర్రర్ వేయడం న్యాయమా?

కొర్లగుంట కోడర్:
తిరుపతిలో కూర్చుని అమెరికా అత్యవసర విభాగాల చార్టులు (రోగుల రికార్డులు) చదివి, గాయానికీ దాని కారణానికీ ఐసీడీ-10-సీఎం (అమెరికాలో వాడే జబ్బుల, గాయాల కోడ్ జాబితా) కోడ్‌లు వేసేవాళ్లు ఇక్కడ చాలామంది ఉన్నారని అడుగుతున్నాను. సరస్సులో మోటారు బోటు ఒక్కసారిగా మలుపు తిరిగింది. వెనక కూర్చున్న మనిషి నీళ్లలో పడ్డాడు. బోటు బోల్తా పడలేదు, మునగలేదు. అతను తేలడానికి కాళ్లు ఆడిస్తుండగా ప్రొపెల్లర్ ఎడమ పిక్కను కోసేసింది. గాయానికి ఎస్81.812 (ఎడమ మోకాలి కింద కోత) మొదట పెట్టాను, దాని మీద పేచీ లేదు. కారణానికి వి94.11 పెట్టాను, అంటే నీళ్లలో ఉన్నవారికి మోటారు పడవ తగలడం. మా కోడింగ్ సరిచూసే ఆడిటర్ దాన్ని కొట్టేసి వి94.0 వేశారు, నాకు ఎర్రర్ రాశారు.

చిత్తూరు ఆడిటర్:
సరిగానే కొట్టేశారు. వి94.11 ఈతకో స్నానానికో దిగినవారికి. మీ రోగి దిగలేదు, పడ్డాడు. పడవ నుంచి పడి ఏదైనా వస్తువుకో నీటి అడుగుకో తగిలితే వి94.0 ఉంది. వి90, వి92 మునకకు. వి91 పడవకే ప్రమాదం జరిగి గాయమైతే. వి93 పడవ మీదే గాయపడితే. ఇక మిగిలిందేమిటి?

కొర్లగుంట కోడర్:
అతను వెళ్లి ప్రొపెల్లర్‌కు తగల్లేదు మేడమ్. పడినప్పుడు ఒంటి మీద గీత కూడా లేదు. నీళ్లలో ఉన్నాక బోటు వచ్చి తగిలింది.

భవానీనగర్:
వి94.89 (ఇతర జల రవాణా ప్రమాదం) పెట్టి తర్వాతి చార్టుకు వెళ్లండి.

చిత్తూరు ఆడిటర్:
"ఇతర" కోడ్ అన్నీ వెతికాక చివర్లో పెట్టేది, టార్గెట్ అందుకోవడానికి కాదు. కొర్లగుంట గారూ, పడకపోతే తగిలేదా? ముందు జరిగింది పడటం.

కొర్లగుంట కోడర్:
అలా వెనక్కి వెళ్తే బోటు ఎక్కకపోతే పడేవాడా అని కూడా అడగవచ్చు!

కొత్త విద్యార్థి:
సీపీసీ (మెడికల్ కోడర్ల సర్టిఫికెట్) పరీక్షలో ఇవి అడుగుతారా? ఎవరైనా చెప్పగలరు.

పులికాట్ ఒడ్డు:
మీరిద్దరూ సున్నాకూ పదకొండుకూ కొట్టుకుంటున్నారు. మాది సూళ్లూరుపేట వైపు. మా బాబాయి వేటకు వెళ్లి పడవ అంచు నుంచి జారాడు, ఇంజను ఫ్యాను మోచేతి కింద ఎముక కనబడేలా కోసింది. కేస్ షీటులో "పదునైన వస్తువు వల్ల గాయం" అని ఒక్క ముక్క రాశారు. పడవ మాటే లేదు. మత్స్యకారుల ప్రమాద బీమాలో ఆసుపత్రి ఖర్చుకు 25,000 రూపాయల వరకు వస్తుంది. వేటలో జరిగినట్టు కాగితం మీద ఎక్కడుందని తిప్పారు. కట్టు విప్పని చేత్తోనే ఆయన ఆసుపత్రి మెట్లెక్కి ఆ ఒక్క మాట కోసం బతిమాలాడు.

కొర్లగుంట కోడర్:
అన్నా, అది అన్యాయమే. కానీ అక్కడ డాక్టర్ రాయలేదు. ఇక్కడ రాసింది చదివి కోడ్ చేసినందుకు నాకు కోత. ఈ ఎర్రర్‌తో నా నాణ్యత 95 శాతం కిందికి పోయింది, నెల ఇన్సెంటివ్ పోయింది. ఇప్పుడు అసలు మాట చెబుతాను. ఎక్స్‌టర్నల్ కాజ్ కోడ్‌లు, అంటే గాయానికి బయటి కారణం చెప్పే ఈ వి కోడ్‌ల లాంటివి, అమెరికా అంతటా తప్పనిసరి కావని ఐసీడీ-10-సీఎం నిబంధనల్లోనే ఉంది. రాష్ట్ర ఆదేశమో, చెల్లించేవారి షరతో ఉంటేనే తప్పనిసరి. మా క్లయింట్ అడగలేదు. నా పక్క సీటు వాళ్లు ఎస్ కోడ్ ఒక్కటి పెట్టి ముగిస్తారు, వాళ్లకు నూటికి నూరు. చార్టంతా చదివి ఏం జరిగిందో రాసిన నాకు శిక్షా?

భవానీనగర్:
అందుకే అసలు పెట్టకుండా ఉండాల్సింది.

చిత్తూరు ఆడిటర్:
ఆ నిబంధనలో తర్వాతి మాట కూడా చదవండి. తప్పనిసరి కాకపోయినా స్వచ్ఛందంగా ఇవ్వమని ఉంది, గాయాల పరిశోధనకూ నివారణకూ పనికొస్తాయని. పెట్టారు కాబట్టి సరిగా పెట్టాలి. తప్పు కారణం రాయడం కంటే రాయకపోవడం నయం. ఆడిటర్లకు టార్గెట్ లేదనుకుంటున్నారా? మీ చార్టు చూడటానికి నాకిచ్చే సమయం మీకిచ్చే దానికంటే తక్కువ.

పులికాట్ ఒడ్డు:
రాయకపోవడం నయమా? మేడమ్, మీకు ఇది బిల్లు వెనక తోక. అందుకే మీ దగ్గర వి కోడ్ ఎప్పుడూ మొదట రాదు. మరణాల లెక్క వేరు. గాయంతో మనిషి పోతే ప్రపంచ ఆరోగ్య సంస్థ పద్ధతిలో మూల కారణంగా లెక్కించేది ఆ బయటి కారణాన్నే. 2019 సెప్టెంబరు 15న గోదావరిలో కచ్చులూరు దగ్గర బోటే మునిగింది, అలాంటివి వి90. పడవ బాగానే ఉండి మనిషి జారి మునిగితే వి92. మొదటిదానికి బోటు తనిఖీ కావాలి, రెండోదానికి అంచున కమ్మీలు కావాలి. ఎవరూ రాయకపోతే దేనికి డబ్బు పెట్టాలో ఎవరికి తెలుస్తుంది? మా పులికాట్ ఒడ్డున బీవీ పాళెంలో సెలవు రోజున పిల్లలు పడవ అంచు మీద ఎలా కూర్చుంటారో వచ్చి చూడండి.

చిత్తూరు ఆడిటర్:
మీ బాధ కాదనను. కొర్లగుంట గారూ, డాక్టర్ నోటులో బోటు కదులుతున్నట్టు ఉందా?

కొర్లగుంట కోడర్:
ఉంది. బోటు అతని కోసం వెనక్కి వస్తున్నప్పుడు తగిలిందని స్పష్టంగా ఉంది.

చిత్తూరు ఆడిటర్:
ఆ ముక్క మొదటే చెప్పాల్సింది. ఆ వాక్యం జతచేసి రిబటల్ (ఎర్రర్ మీద అభ్యంతరం) వేయండి. నేను మాత్రం ఇప్పటికీ వి94.0 అనే అంటాను.

కొర్లగుంట కోడర్:
వేస్తాను. పెట్టినవాడికి తప్పు వేస్తే, నోటులో కారణం ఉండి కూడా వదిలేసిన చార్టులకూ వేయమని అందులోనే రాస్తాను.

భవానీనగర్:
దయచేసి అలా రాయవద్దు. మా టీమంతా పోతుంది.

పులికాట్ ఒడ్డు:
రాయండి.