ఆనంద్ పట్వర్ధన్ చిత్రాలు జనం దాకా ఎలా చేరాయి?

ప్రశ్న

జర్నలిజం విద్యార్థుల కోసం రాజకీయ డాక్యుమెంటరీలపై ఒక పాఠం సిద్ధం చేస్తున్నాను. 1974 నాటి బిహార్ ఉద్యమం మొదలుకొని 2018లో వచ్చిన ‘వివేక్’ వరకు, అధికారంలో ఏ పార్టీ ఉన్నా దానికి మింగుడుపడని చిత్రాలే ఆనంద్ పట్వర్ధన్ తీస్తూ వచ్చారు. థియేటర్ల అండ లేదు, దూరదర్శన్ సుముఖంగా లేదు. అయినా అవి ఇంతమందికి ఎలా చేరాయి? పాఠాన్ని ఎక్కడ మొదలుపెట్టమంటారు?

సమాధానం 1

న్యాయస్థానాల నుంచి మొదలుపెట్టండి. అణుపరీక్షల తరువాతి యుద్ధోన్మాదంపై తీసిన ‘జంగ్ ఔర్ అమన్’కు సెన్సార్ బోర్డు 21 కోతలు అడిగితే, ఆయన ఒక్కదానికీ ఒప్పుకోకుండా బొంబాయి హైకోర్టుకు వెళ్లి, 2003లో చిత్రాన్ని యథాతథంగా విడుదల చేయించుకున్నారు. మతహింసకూ మగతనపు భావనకూ ఉన్న సంబంధాన్ని పరిశీలించిన మరో చిత్రం ప్రసారం కోసం దూరదర్శన్‌తో నడిచిన వ్యాజ్యం సుప్రీంకోర్టు దాకా వెళ్లి, 2006లో ఆయనకు అనుకూలంగా ముగిసింది. ప్రజాధనంతో నడిచే ప్రసార సంస్థ ప్రజలకు జవాబుదారీ అన్న పట్టుదలే ఈ పోరాటమంతటికీ ఆధారమని నా అభిప్రాయం.

సమాధానం 2

పై మిత్రులు చెప్పినది నిజమే కానీ, తీర్పులు దారి తెరిచాయే తప్ప చిత్రాలకు బలం ఇచ్చింది అవి కావు. 1997 జూలై 11న ముంబయిలోని రమాబాయి నగర్‌లో, అంబేడ్కర్ విగ్రహానికి జరిగిన అవమానంపై నిరసన తెలుపుతున్న దళితులపై పోలీసులు కాల్పులు జరిపి పదిమందిని చంపారు. ఆ దుఃఖం భరించలేక ప్రజాగాయకుడు విలాస్ ఘోగ్రే కొద్ది రోజులకే ఆత్మహత్య చేసుకున్నారు. మురికివాడల కూల్చివేతపై 1985లో తీసిన చిత్రంలో పాడిన ఆ గాయకుడు పట్వర్ధన్‌కు అప్పటికే ఆత్మీయుడు. ఆ మరణంతో మొదలైన ‘జై భీమ్ కామ్రేడ్’ చిత్రీకరణ పద్నాలుగేళ్లు సాగింది. కేసు కోర్టులో నలుగుతున్నంతకాలం, బస్తీల్లో పాటలు పుడుతున్నంతకాలం కెమెరా అక్కడే ఉంది. మూడు గంటలకు పైగా నడిచే ఈ చిత్రాన్ని విద్యార్థులకు ముక్కలుగా కాక పూర్తిగా చూపించండి.

సమాధానం 3

తెలుగు విద్యార్థులకైతే హైదరాబాద్ విశ్వవిద్యాలయం ప్రస్తావన తప్పనిసరి. రోహిత్ వేముల మరణం, దాని తరువాతి ఉద్యమం ‘వివేక్’లో ఉన్నాయి. అయోధ్య ఉద్యమంపై పట్వర్ధన్ తీసిన ‘రామ్ కే నామ్’ను అదే విశ్వవిద్యాలయంలో 2019 ఆగస్టులో విద్యార్థులు ప్రదర్శించబోతే పోలీసులు అడ్డుకుని కొందరిని అదుపులోకి తీసుకున్నారు. 1990ల తొలినాళ్లలో పూర్తయి, సెన్సార్ ధ్రువపత్రం పొంది, జాతీయ పురస్కారం కూడా అందుకున్న చిత్రమది. అందులో మందిర పూజారి లాల్‌దాస్ మతం పేరిట సాగుతున్న రాజకీయాన్ని నిర్భయంగా విమర్శిస్తారు. 1993లో ఆయన హత్యకు గురయ్యారు. ఆ సంభాషణను తరగతిలో చూపిన తరువాతే చర్చ పెట్టండి.

ప్రశ్న అడిగినవారు

ముగ్గురికీ కృతజ్ఞతలు. లాల్‌దాస్ సంభాషణతో మొదలుపెట్టి, తీర్పులను రెండవ పాఠానికి ఉంచుతాను. ‘జై భీమ్ కామ్రేడ్’కు ఒక పూట మొత్తం కేటాయిస్తాను.