మోడ్ చేసిన ఎస్‌ఎన్‌ఈఎస్ మినీలో గేమ్స్ తీసెయ్యడం ఎలాగ? పాప సేవ్ మాత్రం పోకూడదు

ఎంవీపీ_వేణు:
అందరికీ నమస్తే. మా బావ అమెరికా నుంచి వచ్చేసినప్పుడు తన ఎస్‌ఎన్‌ఈఎస్ క్లాసిక్ మినీ (నింటెండో పాత గేమ్ మెషిన్‌కి బుల్లి రూపం) మాకు ఇచ్చేసాడు, అప్పటికే హక్చి (బయటి గేమ్స్ ఎక్కించే సాఫ్ట్‌వేర్) వేసి మోడ్ చేసేసి ఉంది. పెట్టె మీద 21 గేమ్స్ అని ఉంటే లోపల ఇంకో మూడొందల పైన కుక్కేసాడు మహానుభావుడు. ఒకే మారియో మూడు రకాలు, జపాన్ భాషలో ఉన్నవి కొన్ని, అసలు ఓపెనే అవ్వనివి కొన్ని. మా పాపకి ఎనిమిదేళ్ళు, దానికి కావల్సిన గేమ్ వెతుక్కోడానికే సగం టైం అయిపోతంది, ఆ తర్వాత వాళ్ళమ్మ టీవీ కట్టేస్తది.

నాకు కావల్సింది ఏటంటే ఓ ముప్పై నలభై గేమ్స్ ఉంచి మిగతావి తీసెయ్యాలి. కన్సోల్ మెనూలో ఎక్కడా డిలీట్ ఆప్షన్ కనపళ్ళేదు. బావని అడిగితే ఆ ల్యాప్‌టాప్ ఎప్పుడో అమ్మేసా అంటన్నాడు. పైగా ఈమధ్య కొత్తగా సేవ్ పాయింట్ పెడతంటే పెట్టనివ్వట్లేదు, స్పేస్ అయిపోయిందేమో అని డౌటు. చిన్న నింటెండో గేమ్స్ ఓ వంద తీసేస్తే ఖాళీ అవుద్దా? సూపర్ మారియో వరల్డ్‌లో పాప చాలా దూరం వెళ్ళింది, అది పోతే ఇంట్లో నేను ఉండలేను. నాది కూడా క్రోనో ట్రిగర్‌లో ఒక సేవ్ ఉందిలెండి, అది పోయినా పర్లేదు... అంటే పోకపోతే మంచిది.

ఉక్కునగరం_కుర్రోడు:
కన్సోల్ మీద నుంచి డిలీట్ అవ్వదు అన్నా, ఆ మెనూలో సేవ్ పాయింట్లు చెరపడం వరకే. గేమ్స్ పని మొత్తం పీసీ నుంచే. హక్చి2 సీఈ (హక్చి పీసీ ప్రోగ్రామ్) దించుకో, వద్దనుకున్న గేమ్‌కి టిక్ తీసెయ్, సింక్ కొట్టు, అయిపోయింది. ఐదు నిమిషాల పని.

పిక్సెల్_పంతులు:
పైన తమ్ముడు చెప్పింది కరెక్టే గాని వేణు గారి కేసులో అలా చేస్తే కొంప మునుగుద్ది, ఎందుకో చెప్తాను, కొంచెం పెద్దగా రాస్తన్నా ఓపిగ్గా చదవండి.

హక్చిలో సింక్ అంటే ఫోన్లోకి పాటలు ఎక్కించినట్టు ఉన్నదానికి కలపడం కాదు. పీసీలో ఉన్న లిస్టు ఎలా ఉందో కన్సోల్‌ని కూడా అచ్చం అలాగే చేసేస్తది. లిస్టులో టిక్ ఉన్నది ఉంటాది, లేనిది పోతాది. ఇప్పుడు మీరు కొత్త ల్యాప్‌టాప్‌లో కొత్తగా హక్చి పెట్టారనుకోండి, అందులో కంపెనీ ఇచ్చిన 21 తప్ప ఇంకేం ఉండవు, ఆ లిస్టుతో సింక్ కొడితే మీ బావ ఎక్కించిన మూడొందలూ ఒక్క దెబ్బకి ఎగిరిపోతాయి. సీతమ్మధారలో మా ఫ్రెండు ఒకడు సరిగ్గా ఇదే చేసి నా దగ్గరికి వచ్చాడు, అప్పటికి నేనేం చెయ్యగలను.

కాబట్టి ముందు బావని ల్యాప్‌టాప్ గురించి కాదు, హక్చి ఫోల్డర్ గురించి అడగండి. పాత పెన్ డ్రైవ్‌లోనో డ్రైవ్ బ్యాకప్‌లోనో ఆ ఫోల్డర్ ఉంటే చాలు, దాన్ని యథాతథంగా మీ పీసీలో పెట్టుకుంటే లిస్టు మొత్తం తిరిగొస్తది, అప్పుడు టిక్కులు తీసుకుంటూ పోవడమే. అది లేదు అంటే కన్సోల్‌ని పీసీకి పెట్టి హక్చి టూల్స్ మెనూలో ఎఫ్‌టీపీ ఓపెన్ చెయ్యండి, అది కన్సోల్ లోపలి ఫైల్స్ పీసీలో చూపిస్తది, యూజర్ నేమ్ రూట్, పాస్‌వర్డ్ క్లోవర్. వార్ అనే ఫోల్డర్ లోపల లిబ్, అందులో హక్చి, అందులో గేమ్స్ అనే ఫోల్డర్ ఉంటాది. ఆ ఫోల్డర్ మొత్తం పీసీలోకి కాపీ చేసి పక్కన పెట్టుకోండి. లోపల అన్నీ సీఎల్‌వీ అని మొదలయ్యే కోడ్ పేర్లే ఉంటాయి, ఏది ఏ గేమో పేరు చూసి తెలీదు, కంగారు పడకండి, ఒక్కో గేమ్‌కి డెస్క్‌టాప్ అనే ఎక్స్‌టెన్షన్‌తో చిన్న ఫైల్ ఉంటాది, నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే గేమ్ పేరు అందులో రాసుంటది.

ఇప్పుడు సేవ్ సంగతి. సేవ్‌లు గేమ్ ఫోల్డర్‌లో ఉండవు, లిబ్ లోపలే క్లోవర్ అనే ఫోల్డర్ కింద ప్రొఫైల్స్ అని వేరే చోట, ఆ గేమ్ కోడ్ పేరు మీద ఉంటాయి. పాప ఆడేది కంపెనీ ఇచ్చిన మారియో వరల్డే అయితే దాని కోడ్ ఎప్పటికీ మారదు, మీరు ఏం తీసినా ఏం పెట్టినా ఆ సేవ్‌కి ఢోకా లేదు. మీ క్రోనో ట్రిగర్ మాత్రం బావ ఎక్కించింది, ఆ 21లో అది లేదు కదా. హక్చి కొత్త గేమ్‌కి కోడ్ ఎలా ఇస్తది అంటే ఫైల్ లోపలి డేటా లెక్కకట్టి ఇస్తది. అదే ఫైల్ మళ్ళీ ఎక్కిస్తే అదే కోడ్, సేవ్ దానంతటదే కలిసిపోద్ది. వేరే చోట నుంచి తెచ్చిన ఫైల్ అయితే కోడ్ మారొచ్చు, సేవ్ అక్కడే ఉన్నా గేమ్‌కి కనపడదు.

ఏది ఏమైనా టూల్స్‌లో సేవ్ స్టేట్ మేనేజర్ ఉంది, ముందు అందులోకి వెళ్ళి అన్నీ ఎక్స్‌పోర్ట్ చేసేసుకోండి. ఇది చెయ్యకుండా సింక్ బటన్ జోలికి వెళ్ళొద్దు.

ఎంవీపీ_వేణు:
పంతులు గారూ దండాలు. సింక్ కొట్టే ముందు అడగబట్టి సరిపోయింది. పాప ఆడేది మెనూలో మొదటి పేజీలో ఉన్న మారియోనే, కంపెనీదే అనుకుంటన్నా. ఇంకో రెండు డౌట్లు. ఆ 21లో కూడా ఎర్త్‌బౌండ్, ఫైనల్ ఫాంటసీ లాంటివి పాప ముట్టుకోదు, అన్నీ చదివే గేమ్స్, అవి కూడా తీసెయ్యొచ్చా? స్పేస్ ప్రశ్నకి ఎవరూ చెప్పలేదు.

సుధ_గాజువాక:
స్పేస్ గురించి నేను చెప్తా. ఆ డబ్బాలో మొత్తం మెమరీయే 512 ఎంబీ, అందులో సిస్టం పోగా గేమ్స్‌కి దొరికేది అంతకంటే బాగా తక్కువే. నింటెండో 8 బిట్ గేమ్స్ తీసేస్తే ఏమీ రాదండి. మొదటి సూపర్ మారియో 40 కేబీ, కాంట్రా 128 కేబీ. అలాంటివి వంద తీసినా ఒక పెద్ద ఎస్‌ఎన్‌ఈఎస్ గేమ్ రెండింటికి సరిపడా చోటు వస్తే గొప్ప. ఎస్‌ఎన్‌ఈఎస్‌లో కూడా మారియో వరల్డ్ అర ఎంబీయే, క్రోనో ట్రిగర్, డాంకీ కాంగ్ కంట్రీ నాలుగేసి ఎంబీలు. చోటు తినేది అవి కాదు. బావ గారు రెట్రోఆర్చ్ (వేరే మెషిన్ల గేమ్స్ కూడా ఆడించే ప్రోగ్రామ్) వేసి ఆర్కేడ్ గేమ్సో ప్లేస్టేషన్ గేమ్సో పెట్టారేమో చూడండి, ఒక్క ప్లేస్టేషన్ గేమే వందల ఎంబీ ఉంటది. అలాంటిది ఒక్కటి తీస్తే మీ సమస్య తీరిపోద్ది. హక్చి విండోలో కింద స్పేస్ ఎంత వాడేసారో బార్ కనపడతది.

సేవ్‌లు కూడా అదే మెమరీలో ఉంటాయి కాబట్టి నిండిపోతే సేవ్ పాయింట్ పెట్టనివ్వదు, మీ డౌటు నిజమే అయ్యుంటది. గేమ్ తీసేసినా దాని సేవ్ అక్కడే పడి ఉంటది, దిక్కులేని సేవ్‌లు సేవ్ స్టేట్ మేనేజర్ నుంచి మీరే చెరుపుకోవాలి.

ఇక కంపెనీ 21 సంగతి, అవి రాయడానికి కుదరని చోట ఉంటాయి. టిక్ తీస్తే మెనూలో కనపడవు అంతే, ఒక్క కేబీ కూడా ఖాళీ అవ్వదు. పాప కోసం దాచుకోండి, రేపు పెద్దయ్యాక ఎర్త్‌బౌండ్ ఆడాలంటే మళ్ళీ టిక్ పెడితే చాలు.

ఉక్కునగరం_కుర్రోడు:
స్పేస్ సరిపోకపోతే ఓటీజీ (పెన్ డ్రైవ్ తగిలించుకునే కేబుల్) పెట్టి పెన్ డ్రైవ్ మీద గేమ్స్ పెట్టుకోవచ్చు కదా అక్కా, హక్చిలో ఎక్స్‌పోర్ట్ ఆప్షన్ ఉంది.

సుధ_గాజువాక:
పెట్టుకోవచ్చు, కాకపోతే ఆ డబ్బాకి ఉన్నదే ఒక్క మైక్రో యూఎస్‌బీ, కరెంటూ అందులోంచే రావాలి పెన్ డ్రైవూ అక్కడే పెట్టాలి, పవర్ కూడా ఇచ్చే ఓటీజీ కావాలి. ఆయన తీసెయ్యాలి అంటంటే నువ్వు ఇంకా పెంచమంటావేంటి.

పిక్సెల్_పంతులు:
హహ. సుధ గారు చెప్పింది అక్షరాలా నిజం. నా మాట ఏటంటే స్పేస్ కోసం కాదు, మెనూ కోసం తియ్యండి. మన చిన్నప్పుడు టీవీ గేమ్‌కి పసుపు రంగు క్యాసెట్ కొనేవాళ్ళం గుర్తుందా, మీద 9999 గేమ్స్ అని రాసి లోపల అదే ఏడెనిమిది గేమ్స్ తిప్పి తిప్పి ఉండేవి, మీ బావ చేసింది కూడా దాదాపు అదే. పిల్లలకి ఎదురుగా ఇరవై గేమ్స్ ఉంటే ఒకటి పట్టుకుని చివరిదాకా ఆడతారు, మూడొందలు ఉంటే ఒక్కోటి రెండు నిమిషాలు చూసి వదిలేస్తారు. నా మేనల్లుడి దగ్గర ఇది కళ్ళారా చూసా.

అందుకే బావ దగ్గర పాత ఫోల్డర్ దొరక్కపోతే ఆ మూడొందల్ని వెనక్కి తెచ్చుకోడానికి తంటాలు పడొద్దు. ఎఫ్‌టీపీ కాపీ ఒకటి బీమా కింద దాచేసి, కావల్సిన ముప్పై నలభై కొత్తగా ఎక్కించుకోండి, సింక్ కొట్టండి, చెత్తంతా దానంతటదే పోతాది. ఫోల్డర్ మేనేజర్‌లో రెండు ఫోల్డర్లు చేసుకోండి, పాపకొకటి మీకొకటి. ఒకే పేజీలో వందలు పెట్టకపోతే మెనూ కూడా చురుగ్గా ఉంటది.

క్రోనో ట్రిగర్‌కి చిట్కా ఉంది. కొత్తగా ఎక్కించాక కోడ్ మారిందనుకోండి, ఒకసారి గేమ్ ఆన్ చేసి లోపల ఓ సేవ్ చేసి బయటికి వచ్చి కన్సోల్ ఆపండి. తర్వాత ఎఫ్‌టీపీలో ప్రొఫైల్స్ కింద పాత కోడ్ ఫోల్డర్‌లో కార్ట్రిడ్జ్ ఎస్‌రామ్ అని ఒక బుల్లి ఫైల్ ఉంటది, దాన్నీ, పక్కన అదే పేరుతో మొదలయ్యే ఇంకో ఫైల్ ఉంటే దాన్నీ కొత్త కోడ్ ఫోల్డర్‌లో ఉన్నవాటి మీద పెట్టండి. గేమ్ లోపల చేసిన సేవ్ వచ్చేస్తది. నాలుగు సేవ్ పాయింట్లు ఉంటాయే, బొమ్మతో కనపడేవి, వాటి మీద మాత్రం ఆశ పెట్టుకోవద్దు.

కేబుల్ దగ్గర జాగ్రత్త, ఫోన్ చార్జర్లతో వచ్చే కొన్ని కేబుల్స్ చార్జింగ్‌కే పనికొస్తాయి, పీసీకి కనపడదు, ఏదో పాడైపోయిందని భయపడిపోతారు. డబ్బాతో వచ్చిన కేబుల్ ఉంటే అదే వాడండి. ఇప్పటికే మోడ్ అయిపోయింది కాబట్టి రీసెట్ పట్టుకుని ఆన్ చెయ్యక్కర్లేదు, మామూలుగా పవర్ నొక్కితే చాలు. సింక్ నడుస్తున్నప్పుడు కేబుల్ మాత్రం కదపొద్దు.

ఎంవీపీ_వేణు:
బావ దగ్గర ఫోల్డర్ లేదంట, అడిగి చూసా. సేవ్‌లన్నీ ఎక్స్‌పోర్ట్ అయ్యాయి, ఎఫ్‌టీపీ కాపీ కూడా అయిపోయింది. సుధ గారూ మీరు అన్నట్టే లోపల ప్లేస్టేషన్ గేమ్ ఒకటి దొరికింది, ఏదో రేసింగ్, మేము ఒక్కసారి కూడా ఓపెన్ చెయ్యలేదు. పాపని పక్కన కూర్చోబెట్టి లిస్టు రాయిస్తన్నా, ఇప్పటికి పదకొండు గేమ్స్ చెప్పి ఇంక చాలు నాన్నా అంది, మిగతావి నావే.

సుధ_గాజువాక:
ఆ పదకొండులో కాంట్రా ఉందా లేదా అది చెప్పండి ముందు.

ఎంవీపీ_వేణు:
లేదండి, తుపాకులు వద్దంది. అది నా ఫోల్డర్‌లోకి వెళ్ళింది.