బ్లౌజులు పట్టట్లేదు, ఎక్కడికెళ్లినా అదే మాట... ఎలా తట్టుకుంటున్నారు?

కందిపొడి32
బాబు పుట్టి ఏడాదిన్నర, పెళ్లప్పటికంటే 14 కేజీలు పెరిగా. పోయిన వారం పంచెల ఫంక్షన్‌కి వెళ్తే చెప్పులు కూడా విప్పకముందే మా పెద్దత్తయ్య "ఏంటమ్మా ఇంత ఒళ్లు చేశావ్" అంది, అందరూ వినేలా. ఇంటికొచ్చి రాత్రి అన్నం మానేశా, రెండ్రోజులు ఓట్స్, మూడో రోజు పిల్లాడు వదిలేసిన పెరుగన్నంతో మొదలెట్టి గిన్నె మొత్తం ఊడ్చేశా 😑 రోజూ పొద్దున్నే వెయిట్ మెషీన్ ఎక్కడం, ఏడుపు మొహం పెట్టుకోవడం. బాడీ పాజిటివిటీ రీల్స్ చూసేటప్పుడు బానే ఉంటుంది, అద్దం ముందుకొస్తే ఏదీ గుర్తు రాదు.

గోంగూరక్క
ముందు ఆ మెషీన్ అటకెక్కించు తల్లీ. పాత బ్లౌజుల్లో పక్కన రెండు మూడు కుట్లుంటాయి చూడు, నేను ఆరింటికీ ఒక్కో కుట్టు విప్పించేశా, హమ్మయ్య ఊపిరాడింది. సన్నబడ్డాక కడదామని దాచిన చీరలు ఇప్పుడే కట్టేస్తున్నా. ఒంటిని ప్రేమించడం అవీ నాకింకా రాలేదు గానీ తిట్టుకోవడం మాత్రం తగ్గింది.

మేడమీదనడక
రోజుకి పదివేల అడుగులు నడవాలని కంగారు పడకండి, ఆ లెక్క 1965లో జపాన్‌లో అమ్మిన ఒక పెడోమీటర్ (అడుగులు లెక్కపెట్టే మెషీన్) పేరులోంచి వచ్చింది. డబ్ల్యూహెచ్ఓ చెప్పేది వారానికి 150 నిమిషాలు, కొంచెం ఆయాసం వచ్చేంత నడక. నేను అన్నం తిన్నాక పది నిమిషాలు మేడ మీద తిరుగుతా అంతే. అన్నం మానకండి, ఒక గరిటె తగ్గించి పప్పు, కూర ఎక్కువ వేసుకోండి.

సూదిమందు
మెషీన్ అటకెక్కించండి సరే, టెస్టులు మాత్రం ఎక్కించొద్దు. బీఎంఐ (ఎత్తుకి తగ్గ బరువుందా అని చూసే లెక్క) అనేది 19వ శతాబ్దంలో బెల్జియం ఆయన క్వెటెలెట్ జనాల సగటు కోసం కట్టిన లెక్క, ఒక్కో మనిషి ఆరోగ్యం తేల్చడానికి కాదు. మనవాళ్లకి నడుం కొలత ఇంకా నయం, ఆడవాళ్లకి 80 సెంటీమీటర్లు దాటితే ఓసారి చూపించుకోమంటారు. మా అమ్మ పుల్లలా ఉంటుంది, అయినా షుగర్. మీకు కడుపుతో ఉన్నప్పుడు షుగర్ వచ్చిందా?

కందిపొడి32
వచ్చింది, డెలివరీ అయ్యాక మళ్లీ చూపించుకోలేదు అసలు. రేపు పరగడుపున వెళ్తా. గోంగూరక్కా, నీలం బ్లౌజు కుట్టు నేనే విప్పేశా, పాత కుట్టు దగ్గర బట్ట ముదురు రంగులో ఉంది, పైట కప్పేస్తుందిలే. పెద్దత్తయ్యకి ఏం చెప్పాలో మాత్రం ఎవరూ చెప్పలేదు??

గోంగూరక్క
"మోకాళ్ల నొప్పులెలా ఉన్నాయి అత్తయ్యా" అని నువ్వే ముందు అడిగెయ్. ఇంక గంటదాకా నీ ఊసెత్తదు 😂