జడ్జికి గొంతు కావాలా, మొహం చాలా?

కోర్టుపక్షి:
గిల్బర్ట్ రాసి సలివన్ బాణీ కట్టిన హాస్య ఆపరా (పాటల నాటకం) 'ట్రయల్ బై జ్యూరీ'ని 1982లో ఇంగ్లండులో టీవీ కోసం తీసినప్పుడు జడ్జి వేషం ఫ్రాంకీ హవర్డ్‌కి ఇచ్చారు. పేరున్న కమెడియన్, కానీ గాయకుడు కాదు. నాకు ఇది నచ్చలేదు. పెళ్లాడతానని మాటిచ్చి తప్పిన ఎడ్విన్ మీద ఏంజెలీనా నష్టపరిహారానికి దావా వేయడం కథ. సుమారు నలభై నిమిషాలు, అంతా పాటే, వచనం ఒక్క ముక్క లేదు. నక్షత్రకుడు ఎంత నవ్వించినా పద్యం ఎత్తుకోకపోతే మనవాళ్లు ఊరుకుంటారా?

వెనకబెంచీ:
జడ్జి పాటలో ఏముందో వినండి సార్. కేసుల్లేని రోజుల్లో డబ్బున్న అటార్నీ కూతురిని, వయసు మళ్లిన మనిషిని, ప్రేమించానన్నాడు. మామగారి చలవతో కేసులొచ్చాయి, డబ్బొచ్చింది, ఆవిడని వదిలేశాడు. ఎడ్విన్ చేసిన పనే! అదే మనిషి ఇప్పుడు తీర్పు చెప్పాలి. ఇక్కడ ప్రతి మాటా వినపడాలి, మొహంలో సిగ్గులేనితనం కనపడాలి. రాగం ఎవరిక్కావాలి? 1875లో ఈ ఆపరా మొదటిసారి వేసినప్పుడు జడ్జి సలివన్‌కి అన్నయ్య ఫ్రెడ్. ఆయన్ని మెచ్చుకున్నదీ ముఖ్యంగా నటనకే.

రాగమాలిక:
ఫ్రెడ్ పాడగలడు కూడా, ఆ సంగతి దాటేశారు. 'నైస్ డిలెమా' (భలే చిక్కు) పాట మరి? ఈరోజు ఏంజెలీనాని, రేపు తన కొత్త ప్రియురాలిని చేసుకుంటానంటాడు ఎడ్విన్. ఇద్దరిని చేసుకోవడం దొంగతనం కిందికొస్తుందంటాడు లాయరు! ఈ పిచ్చి వాదన మీద అందరూ కలిసి ఇటాలియన్ విషాద ఆపరాలా, అక్కడి స్వరకర్త బెల్లీని పద్ధతిలో, గుండెలు పిండేలా పాడతారు. నవ్వంతా ఆ గాంభీర్యంలోనే ఉంది. ఒక గొంతు తేలిపోయినా జోకు పోయినట్టే.

వెనకబెంచీ:
థియేటర్లో అయితే ఒప్పుకుంటా. టీవీలో కెమెరా మొహం దగ్గరికి వెళ్తుంది కదా. పైగా ఇలాంటి దావాలనే ఇంగ్లండు చట్టం 1971 నుంచి ఎత్తేసింది. 1875 ప్రేక్షకులకి అది రోజూ పేపర్లో చదివే గొడవ. 1982 వాళ్లకి చట్టంతో పనిలేదు, జడ్జి వేషాలే మిగిలాయి.

కోర్టుపక్షి:
ఆ లెక్కన పాటలు తీసేసి నాటకమే వేసుకోవచ్చుగా?

రాగమాలిక:
చివర్లో జడ్జికి ఇంటికెళ్లే తొందర. పుస్తకాలూ కాగితాలూ విసిరేసి, ఏంజెలీనాని నేనే చేసుకుంటానంటాడు. అక్కడ హవర్డ్‌కే నా ఓటు. డిలెమా పాటకి మాత్రం ఇవ్వను.