ఇండిపెండెంట్ సినిమాకి జముకు నేపథ్య సంగీతం: మిక్సింగ్, అగ్రిమెంట్ విషయంలో సలహా కావాలి

నమస్కారం అండి. ఉండేది విశాఖపట్నంలో. ఇన్నాళ్లూ షార్ట్ ఫిల్ములకి సంగీతం చేశాను, ఇప్పుడు తొలిసారి ఒక ఇండిపెండెంట్ ఫీచర్ సినిమా ఒప్పుకున్నాను. పాటల్లేవు, ట్యూన్ అనదగ్గదీ పెద్దగా లేదు. ఉత్తరాంధ్ర జానపద కళ జముకుల కథలో వాడే తీగ వాద్యం జముకు మీదే నేపథ్య సంగీతమంతా నడుస్తుంది. తీగ బిగించి వదులుతుంటే స్వరం పైకీ కిందికీ జారుతుంది కదా, దాన్ని వాద్యానికే అంటించే కాంటాక్ట్ మైక్‌తో రికార్డ్ చేసి, వేగం బాగా తగ్గించి వాడుతున్నాను. డైరెక్టర్ గారికి తెగ నచ్చింది. మా ఇంట్లోవాళ్లు మాత్రం ఫ్రిజ్ పాడైందేమో అంటున్నారు.

చిక్కేంటంటే, హెడ్‌ఫోన్స్‌లో బ్రహ్మాండంగా ఉన్న ఆ మంద్రధ్వని ఫోన్ స్పీకర్లో అసలు వినపడట్లేదు, పెద్ద స్పీకర్లలో వేస్తే డైలాగుల్ని మింగేస్తోంది. స్టెమ్స్ (ఒక్కో రకం ధ్వనికి ఒక్కో ట్రాక్) 48 కిలోహెర్ట్జ్, 24 బిట్‌లో విడివిడిగా ఇస్తున్నాను. బాగా కింది ఫ్రీక్వెన్సీలు కోసేయాలా, పై హార్మోనిక్స్ (ఆ స్వరంలోనే ఉండే పై ధ్వనులు) కాస్త పెంచితే సరిపోతుందా? ఇలాంటి డ్రోన్ (ఆగకుండా సాగే మంద్రధ్వని) మిక్స్ చేసినవాళ్లు చెప్పండి.

రెండోది అగ్రిమెంట్. పారితోషికం తక్కువే, సరే. కానీ రాయల్టీతో సహా సర్వహక్కులూ నిర్మాతవేనని రాశారు. 2012 కాపీరైట్ సవరణ ప్రకారం, థియేటర్ ప్రదర్శన తప్ప మిగతా వాడకాలకి స్వరకర్త తన రాయల్టీ వాటా వదులుకున్నట్టు రాసినా చెల్లదు. గొడవ పడకుండా ఆ క్లాజు ఎలా మార్పించుకున్నారు? మాటల్లేని నేపథ్య సంగీతాన్ని స్వరకర్తల రాయల్టీలు వసూలు చేసే సంస్థ అయిన ఐపీఆర్ఎస్‌లో నమోదు చేసినవాళ్లుంటే, క్యూ షీట్ (సినిమాలో ఏ సంగీతం ఎక్కడ, ఎంతసేపు వస్తుందో రాసే పట్టిక) ఎలా తయారుచేశారో కూడా చెప్పండి.